పాత దృశ్యములకు చిరునామా కావలెను

1927లో ఎస్ఫిర్ షూబ్ అను రష్యను వనిత, జారు చక్రవర్తి వైభవమును చాటుటకై ఆస్థాన ఛాయాగ్రాహకులు తీసిన చిత్రములను, నాటి వార్తాచిత్రములను శ్రమించి సేకరించి, ‘రోమనోవ్ వంశపతనము’గా కూర్చి, స్తుతికై పుట్టిన దృశ్యమే పొరుగు మారినంతనే అభిశంసనము కాగలదని నిరూపించినది. ఓడపై నర్తించు దొరల సరసను చెమటోడ్చు శ్రామికుని నిలుపుటయే ఆమె వ్యాఖ్యానము. పక్షపాతమందురా? కావచ్చును, కాని కల్పన కాదు.

1928లో విడుదలైన, సోవియట్ దర్శకుడు ఐసెన్‌స్టీన్ తీసిన ‘అక్టోబర్’ చిత్రము సంగతి వేరు. అందలి జారు శీతకాలసౌధ ముట్టడి, 1917 నాటి రష్యను విప్లవ ఘటనకు పదేండ్ల పిదప, వేలకొలది జనముచే నటింపజేయబడినది. అసలు ముట్టడి అంతటి ఆర్భాటముతో జరుగనేలేదు. అయినను ఆ నటననే విప్లవకాలపు ప్రత్యక్షచిత్రణమువలె పలువురు తరువాతి నిర్మాతలు వాడుకొనిరి. నలుపు తెలుపులలో గీతలుపడిన ఫిలిము కనబడగనే తలయూపు మన బలహీనత వారికి కలిసివచ్చినది.

కావున పాత దృశ్యము తెరకెక్కిన ప్రతిసారియు, దానిని ఎవరు, ఎన్నడు, ఎందులకు తీసిరో, అది నటనయో యథార్థమో, టెలివిజనువారు అక్కడనే తెలుపవలెను. ఇందులకు కావలసినవి రెండు పంక్తుల అక్షరములు. ప్రకటనలకు సగము తెర విడుచువారు, వీనికి చోటు చాలదనిన నేను నమ్మజాలను.