పాత తుపాకీ కొంటున్నరా? ధర ఆఖరికి అడుగుండ్రి

పందులు మక్క చేన్లు ఆగం చేస్తున్నయని కొందరు పాత తుపాకీ బేరాలు చూస్తున్నరు. పాత ట్రాక్టర్ లెక్క ధర కాడ మొదలుపెట్టొద్దు అనేదే నా మాట.

ముందు కాగితం. 1959 ఆయుధాల చట్టం ప్రకారం మీకూ, అమ్మేటాయనకూ లైసెన్సు ఉండాలె. తుపాకీ మీది నంబరు, ఆయన లైసెన్సుల నంబరు ఒక్కటే కావాలె. అమ్ముతున్నట్టు ఆయన జిల్లా మేజిస్ట్రేటుకో, పోలీస్ స్టేషన్‌కో రాసిచ్చి 45 రోజులు ఆగాలె. "గవన్నీ ఎందుకే" అన్నడంటే అక్కడికే దండం పెట్టి వచ్చేయండి.

తర్వాత గొట్టం. మందు దట్టించే తుపాకీలో పాత మందు ఉండిపోవచ్చు. ఖాళీ అన్న మాట నమ్మకుండా, తీసి చూపించమనండి. లోపల తుప్పు గుంతలు, ఎక్కడన్నా ఉబ్బు, పగులు కనిపిస్తే వద్దు. గొట్టం పగిలితే పోయేది మన చెయ్యి, మన కన్ను. ఎత్తిన గుర్రం నిలవకుండ జారినా వద్దు.

ఇంకోటి, లైసెన్సు ఉన్నా అనుమతి లేకుండ పందిని కొడితే కేసే. ఒక పంట పోతే వచ్చే కారుకు లేస్తం. చెయ్యి పోతే, కేసుల పడితే ఇల్లే కూలుతది. అగ్గువ అని ఆశపడకుండ్రి.