సూర్యకాంతం అంటే గయ్యాళి అత్తేనా?



గత సంచికలో నటి సూర్యకాంతం గారిపై వచ్చిన వ్యాసం ఆసక్తిగా చదివాను. కానీ ఆమె జీవితమంతా ఒకే గయ్యాళి పాత్ర వేశారని తేల్చేయడం అన్యాయం. 'మాయాబజార్' (1957)లో హిడింబి ఎవరు? కొడుకు ఘటోత్కచుణ్ణి చూసుకుని మురిసిపోయే తల్లి. 1924లో పుట్టిన ఆమె, తనకంటే ఆరేళ్లు పెద్దవాడైన, ఘటోత్కచుడు వేసిన ఎస్వీ రంగారావుకు అమ్మగా నిలబడితే ఎవరికీ ఎబ్బెట్టుగా అనిపించలేదు. ఐదేళ్లు తిరిగేసరికి 'గుండమ్మ కథ'లో అదే రంగారావు ఆమెకు వియ్యంకుడు!

పోనీ, గయ్యాళితనమే చూద్దాం. అందులో మాత్రం ఎన్ని ఛాయలు! ఎడమచెయ్యి ఆడిస్తూ సవతి కూతురి మీద విరుచుకుపడిన గుండమ్మే, ఇంటి పెత్తనం ఛాయాదేవి పాత్ర చేతికి చిక్కాక బిక్కచచ్చిపోతుంది. అంతవరకూ ఆమెను తిట్టుకున్నవాళ్లమే అయ్యో పాపం అంటాం. ఆ మలుపు ఆమె ముఖంలోనే జరుగుతుంది, డైలాగుల్లో కాదు. ఎన్టీఆర్, ఏఎన్నార్, సావిత్రి, జమున ఉన్న సినిమాకు విజయా సంస్థ వారు ఆమె పాత్ర పేరు పెట్టింది ఊరికే కాదు.

ఇకముందు రమణారెడ్డి, ఛాయాదేవి వంటి నటుల గురించి రాయించేటప్పుడైనా పాత్రలను ఒక్కొక్కటిగా చూసి రాయించమని మనవి.

— ఒక పాఠకురాలు, కాకినాడ