అంగుళముల సౌందర్యము

విశ్వసుందరి యను మాట వినబడగానే మనవారిలో కొందరు చెవులు మూసికొందురు; మరికొందరు పత్రికలోని బొమ్మను కత్తిరించి పుస్తకమున దాచుకొందురు. ఈ రెండు తెగలవారును ఆ పోటీ యెట్లు పుట్టినదో అంతగా విచారింపరు. విచారించినచో అది సౌందర్యారాధనమున గాక, ఈతదుస్తుల బేరమున పుట్టినదని తెలియగలదు.

1951వ సంవత్సరపు మిస్ అమెరికా బిరుదమును పొందిన యోలాండె బెట్‌బీజ్ అలబామా రాష్ట్రపు యువతి. సంగీతము నభ్యసించిన గాయని. ఆ పోటీకి ధనసహాయము చేయుచుండిన కెటలీనా యను ఈతదుస్తుల కంపెనీవారు, తమ సరకు ధరించి ప్రచారమునకై ఛాయాచిత్రములు తీయించుకొమ్మని యామెను కోరిరి. ఆమె ససేమిరా ఒల్లననెను. తాను పాటకత్తెనే గాని దుస్తులు తగిలించు బొమ్మను కానని యామె యభిప్రాయము. కంపెనీవారు కినిసి, ఆ పోటీతో తెగతెంపులు చేసికొని, వేరొక పోటీని నెలకొల్పిరి. అదియే 1952 జూన్ నెలలో కాలిఫోర్నియాలోని లాంగ్‌బీచ్ నగరమున జరిగిన మొదటి మిస్ యూనివర్స్ పోటీ. పాల్గొన్నవారు 30 మంది. ఫిన్లాండు దేశపు బాలిక ఆర్మీ కూసెలా 17 ఏండ్ల ప్రాయమున కిరీటము నందెను. విశ్వమనగా చంద్రసూర్యులును నక్షత్రములును చేరినది గదా. 30 మందితో అది నిండినదనుట వ్యాపారస్థులకే చెల్లును!

ఆ ముప్పదిమందిలో మన దేశమునుండి వెళ్ళిన యామె ఇంద్రాణీ రెహమాన్. 1930లో మదరాసున జన్మించెను. ఆమె తల్లి అమెరికాలో పుట్టి, భారతీయ నాట్యమునందలి మక్కువచే ఇచ్చటికి వచ్చి, రాగిణీదేవి యను పేర ప్రసిద్ధి కెక్కినది. ఇంద్రాణి 15వ యేటనే వాస్తుశిల్పియగు హబీబ్ రెహమానును వివాహమాడెను. పోటీనాటికి ఒక కుమార్తెకు తల్లి. నాటి ఛాయాచిత్రములలో ఈతదుస్తులతో నున్నను, నుదుట బొట్టును సిగలో పూలును కనబడును. న్యాయనిర్ణేతలు ఆమెను తుదివరుసకు పిలువలేదు.

పిలువకపోవుట వారి తప్పని మేమనము. వారి చేతిలోని సాధనము కొలత టేపు. దానికి నడుము చిక్కును గాని నాట్యము చిక్కదు. ఇంద్రాణి పందనల్లూరు చొక్కలింగం పిళ్ళెవద్ద భరతనాట్యము నేర్చినది. పిదప కోరాడ నరసింహారావుగారివద్ద మన కూచిపూడిని, దేవప్రసాద దాస్ గారివద్ద ఒడిస్సీని నేర్చి, ఆ నాట్యములు ఇతర ప్రాంతములవారికి అంతగా తెలియని దినములలో దేశవిదేశముల ప్రదర్శించెను. ఉత్కళమున స్థిరపడిన తెలుగువారమగు మాకు ఈ ముచ్చట రెండువిధముల ప్రియమైనది: ఒకటి మాతృభాష నాట్యము, రెండవది మమ్ము పోషించు నేల నాట్యము. 1969లో ఆమెకు పద్మశ్రీ లభించెను. 1976 మొదలు న్యూయార్కులోని జూలియార్డు విద్యాలయమున బోధించెను. 1999లో మరణించువరకును ఆమెకు కీర్తి తెచ్చినది కాలి గజ్జెలే గాని లాంగ్‌బీచ్ వేదిక కాదు.

కూచిపూడి మాట వచ్చినది గనుక మరొక సంగతి. కృష్ణాజిల్లాలోని ఆ గ్రామపు భాగవతులలో స్త్రీపాత్రలను పురుషులే ధరించుట సంప్రదాయము. వేదాంతం సత్యనారాయణశర్మగారు సత్యభామయై జడ ముందునకు వేసికొని నిలిచినప్పుడు, ఆ వేషమున పురుషుని పోల్చుకొనలేకపోతిమని చూచినవారు చెప్పుదురు. ఆ సౌందర్యమును ఏ టేపుతో కొలువవలెను?

అయినను పడమటివారిని నిందించి తృప్తిపడుటకు మాకు మనసొప్పదు. మన యిండ్ల పెండ్లిచూపులను తలచికొందము. కాఫీ పళ్ళెముతో పిల్లను నడిపింతురు, కుంటునేమోయని చూతురు. ఒక పాట పాడింతురు. జడ నిజమైనదో సవరమో పెద్దముత్తైదువ ఒకతె తడవి చూచును. పిల్ల చామనచాయ యైనచో కట్నపు లెక్క మరల మొదలగును. లాంగ్‌బీచ్‌లో ఓడిన యువతి విమానమెక్కి ఇల్లు చేరెను. ఇచ్చట ఓడిన పిల్ల మరుసటి ముహూర్తమునకు మరల అదే చీర కట్టవలెను. అచ్చటివారు స్వయముగా వెళ్ళి నిలిచిరి, ఇచ్చట పిల్లను అడిగిన వారెవరు? ఇట్టి యిండ్లనుండియే అందాలపోటీ మన సంస్కృతికి విరుద్ధమను కేక గట్టిగా వినవచ్చుట మాకు వింతగా నున్నది.

పోటీకి వెళ్ళిన యువతులను చెడిపోయిన వారనుటయు మాకు సమ్మతము కాదు. 1966లో లండనున మిస్ వరల్డు కిరీటమును గెలిచిన రీటా ఫారియా బొంబాయి వైద్యవిద్యార్థిని. గడువు తీరినపిమ్మట చదువునకే మరలి వైద్యురాలయ్యెను. కిరీటమామెను చెరుపనూ లేదు, చదివించనూ లేదు. మా అభ్యంతరము యువతులపై గాదు, కొలతపై.

ఆ కొలత పాఠశాలలలోనికిని వచ్చినది. వార్షికోత్సవ నాటకమునకు నాయిక నెన్నుకొనునప్పుడు మొదట మేనిచాయను, పిదప కంఠమును చూచుట మనమెరుగని విషయము కాదు. తెల్లని పిల్ల ముందువరుసన తడబడుచుండగా, నల్లని పిల్ల తెరవెనుకనుండి పద్యమందించుటయు కలదు. కావున ఈ యేడు పద్యనాటకమునకు పాత్రధారుల నెన్నుకొను దినమున, అభ్యర్థుల నందరిని తెరచాటున నిలిపి చదివింపవలెనని ఉపాధ్యాయులకు విన్నవించుకొనుచున్నాము. నాయిక పాత్రకు బాలురు కూడ పేరీయవచ్చును.