ఎరువు తెచ్చుకున్న పాటలు

మాట కూర్చి, దానికి వరుస కట్టి, తానే పాడే కవిని వాగ్గేయకారుడంటారు. అన్నమయ్య, త్యాగయ్య ఆ మాటకు తెలుగువారికి మొదట తోచే ఉదాహరణలు. అమెరికాలో ఆ పేరుకు తగిన ఆధునికుడు బాబ్ డిలన్. పాటలు రాసినందుకే 2016లో ఆయనకు సాహిత్యంలో నోబెల్ బహుమతి లభించింది. అటువంటి కవి యాభై ఏళ్ల వయస్సు దాటిన తరువాత సొంత రచన పక్కన పెట్టి, ఇతరుల పాటలతో వరుసగా రెండు ఆల్బమ్‌లు వెలువరించాడు. ఒకరి పాటను మరొకరు పాడి రికార్డు చేస్తే దానిని ‘కవర్’ పాట అని వ్యవహరిస్తారు. సొంత సంపద ఉన్నవానికి ఈ ఎరువు సొమ్ము ఎందుకని ఎవరికైనా అనిపించవచ్చు. ‘ఎరువు సొమ్ము బరువు చేటు’ అన్న సామెత ఉండనే ఉంది. డిలన్ విషయంలో ఆ సామెత కొంతవరకే వర్తిస్తుంది.

అసలు ఆయన పాటల జీవితం ఎరువుతోనే మొదలైంది. మిన్నెసోటా రాష్ట్రంలో ఇనుప గనుల ఊరైన హిబ్బింగ్‌లో పెరిగిన ఆ యువకుడు 1961 జనవరిలో న్యూయార్క్ చేరి, గ్రీనిచ్ విలేజ్ అనే పేటలోని కాఫీ హోటళ్లలో పాడాడు. 1962లో వచ్చిన తొలి ఆల్బమ్‌లో 13 పాటలుంటే, సొంతవి రెండే. ఆ రెండింటిలో ఒకటి, తాను గురువుగా భావించిన జానపద గాయకుడు ఉడీ గత్రీని సంబోధిస్తూ రాసినది. తక్కినవి నల్లజాతివారి బ్లూస్ పాటలు, పల్లె పదాలు, భక్తి గీతాలు. మరుసటి ఏడాది వచ్చిన రెండవ ఆల్బమ్‌లో ఈ లెక్క తారుమారైంది. దాదాపు అన్నీ ఆయన రాసినవే. అంత త్వరగా ఒక కవి ఆకాశం నుంచి ఊడిపడడు. పాత పాటలు ఎన్నో కంఠస్థం కావడం వల్ల మాట ఎక్కడ విరగాలో, పల్లవి ఎప్పుడు తిరిగి రావాలో ఆయన నాలుకకు తెలిసింది. 2015 ఫిబ్రవరిలో లాస్ ఏంజిలిస్‌లో జరిగిన సన్మాన సభలో ఆయనే ఈ సంగతి ఒప్పుకున్నాడు. జాన్ హెన్రీ అనే శ్రామికుని కథాగీతాన్ని తాను పాడినన్నిసార్లు పాడినవారెవరైనా తాను రాసిన పాటలే రాసి ఉండేవారని ఆ ప్రసంగ సారాంశం. ఇందులో వినయం పాలు కాస్త ఎక్కువే గాని, అబద్ధం లేదు.

1990 తరువాత ఏడేళ్లపాటు కొత్త రచనలతో ఆయన ఆల్బమ్ ఏదీ రాలేదు. ఆ విరామంలోనే 1992లో ‘గుడ్ యాజ్ ఐ బీన్ టు యూ’, 1993లో ‘వరల్డ్ గాన్ రాంగ్’ వెలువడ్డాయి. రెండూ మాలిబులోని ఆయన ఇంటి గ్యారేజీలో రికార్డయినవే. వాద్యబృందం లేదు, గిటారు, మౌత్ ఆర్గాన్, అరిగిపోయిన గొంతు, అంతే. ప్రియుని కాల్చి చంపిన స్త్రీ, ఓడలో ఆస్ట్రేలియాకు తరలిన ఖైదీ, యుద్ధంలో నేలకొరిగిన ఇద్దరు సైనికులు ఆ పాటల్లోని పాత్రలు. పేరుపొందిన గాయకులు సాధారణంగా జనానికి బాగా తెలిసిన పాటలనే కవర్ చేస్తారు. తెలిసిన వరుస తేలికగా అమ్ముడుపోతుంది. డిలన్ ఎంచుకున్నవి ఎవరూ అడగని పాటలు. వాటిని అనుకరించి పాడలేదు, అందంగానూ పాడలేదు. కథ తెలిసిన పెద్దమనిషి అరుగు మీద కూర్చుని చెప్పినట్టు పాడాడు. 1997లో సొంత పాటలతో ‘టైమ్ అవుట్ ఆఫ్ మైండ్’ వచ్చి, మరుసటి ఏడాది గ్రామీ పురస్కారాలలో ఉత్తమ ఆల్బమ్‌గా ఎంపికైంది. దానికి ముందటి రెండు ఆల్బమ్‌లను ఖాళీ కాలంగా లెక్కించడం పొరపాటు. అవి దుక్కి దున్నిన కాలం.

ఇక ఈ వ్యవహారంలో బరువు చేటైన సంగతి ఒకటుంది. 1909 నాటి అమెరికా చట్టం ప్రకారం, ఒకసారి రికార్డుగా వెలువడిన పాటను ఎవరైనా నిర్ణీత రుసుము చెల్లించి, కర్త అనుమతి అడగకుండానే మళ్లీ రికార్డు చేయవచ్చు. మొదట్లో ఆ రుసుము ప్రతికి 2 సెంట్లు. కర్త ఫలానా అని తెలిసిన పాటకు ఈ ఏర్పాటు బాగానే నడుస్తుంది. కర్త తెలియని జానపద గేయం విషయంలో మాత్రం కూర్పరిగా ఎవరి పేరు అచ్చయితే ప్రతిఫలం కూడా వారిదే అవుతుంది. 1992 ఆల్బమ్‌లో కూర్పరిగా డిలన్ పేరే కనిపించింది. అందులోని ఒక పాట కూర్పు, ఇంగ్లండు గాయకుడు నిక్ జోన్స్ 1980లో రికార్డు చేసిన తీరుకు దగ్గరగా ఉందని ఎరిగినవారు ఆక్షేపించారు. ఆ జోన్స్ 1982లో కారు ప్రమాదానికి గురై తీవ్రంగా గాయపడి, దీర్ఘకాలం వేదికకు దూరమైన కళాకారుడు. జానపదం అందరి సొత్తు గదా అనే సమాధానం ఇక్కడ చాలదు. పాట ఊరందరిదే కావచ్చు గాని, దానికి తంత్రులపై కుదిర్చిన నడక ఒక మనిషి ఏళ్ల తరబడి చేసిన సాధన.

క్షేత్రయ్య పదంలో ‘మువ్వగోపాల’ ముద్ర ఉంటుంది. త్యాగయ్య కృతిలో ఆయన పేరే వినిపిస్తుంది. ఎవరు పాడినా కర్త ఎవరో పాటే చెబుతుంది. ముద్ర లేని పాటకు ఆ పని పాడేవాడే చేయాలి. 1993 ఆల్బమ్‌తో వచ్చిన చిన్న పుస్తకంలో డిలన్ ఆ పని చేశాడు. పాటల గురించి స్వయంగా వ్యాఖ్య రాసి, తనకు అవి ఎవరి ద్వారా చేరాయో పేర్లతో చెప్పాడు. రెండు పాటలు మిసిసిపీ షీక్స్ అనే పాతకాలపు బృందానివి. చివరి పాట డాక్ వాట్సన్ రికార్డు నుంచి నేర్చుకున్నది. మరొకటి జార్జియాకు చెందిన బ్లైండ్ విల్లీ మెక్‌టెల్ పాడినది. పన్నెండు తీగల గిటారు వాయించిన ఆ అంధ గాయకుడు 1959లో మరణించాడు. ఆయన పేరుతోనే డిలన్ 1983లో ఒక పాట కట్టి, రికార్డు చేసి పక్కన పెట్టేశాడు. 1991 దాకా దానిని విడుదల చేయలేదు.