అంతా చెరిపేసి మళ్లీ మొదలుపెడితే...

పోయిన ఎండాకాలం సెలవుల్లో ఓ మధ్యాహ్నం, ఓపీ ముగించి చేతులు కడుక్కుంటుంటే అక్క ఫోన్ చేసింది. ‘‘ఒరేయ్, పిల్లకి ఏదో అయిందిరా. ఆ ల్యాప్‌టాప్‌లో నెలల తరబడి కూర్చుని ఇల్లు కట్టింది, అందులో మనుషుల్ని పెట్టింది, తోట వేసింది. రాత్రి మొత్తం చెరిపేసి మళ్లీ మొదటి నుంచి మొదలుపెట్టింది. ఇది నాలుగోసారి. మంచి సైకియాట్రిస్టు ఎవరైనా ఉంటే చెప్పు’’ అంది. గొంతులో నిజంగానే భయం ఉంది.

నేను మానసిక వైద్యుణ్ని కాను, జనరల్ మెడిసిన్ వాణ్ని. అయినా ఆ ఆదివారం వాళ్లింటికి వెళ్లాను. పిల్ల ఇంటర్ మొదటి సంవత్సరం. హాస్టల్లో ఉండలేక జనవరిలో ఇంటికొచ్చేసింది. ఆడుతున్న ఆట పేరు ‘ద సిమ్స్ 4’. 2022 అక్టోబరు నుంచి దీని అసలు ఆటను ఉచితంగానే ఇస్తున్నారు కాబట్టి, మీ ఇంట్లో పిల్లల ల్యాప్‌టాప్‌లోనూ ఉండే అవకాశం ఉంది. తుపాకులూ రక్తపాతమూ ఉండే ఆట కాదిది. కొందరు మనుషుల్ని తయారుచేసి, ఇల్లు కట్టిచ్చి, ఉద్యోగాలకు పంపి, వేళకు తిండి పెట్టి నిద్రపుచ్చాలి. ఆకలి, నిద్ర, స్నానం, బాత్‌రూమ్, స్నేహం... ఒక్కోదానికీ ఒక్కో గీత ఉంటుంది. ఆ గీత పడిపోతే మనిషి చిరాకు పడతాడు, పని చెడగొడతాడు. (ఆటలోని మనిషిని వేళకు బాత్‌రూమ్‌కు పంపే మా మేనకోడలు, తను మాత్రం మూడు గంటలపాటు కుర్చీలోంచి లేవదు. ఆ సంగతి ఎత్తితే నవ్వేసింది.)

ఈ ఆట పుట్టుక గురించి ఓ విషయం చెప్పాలి. దీన్ని రూపొందించిన విల్ రైట్ ఇల్లు 1991లో అమెరికాలోని ఓక్లండ్ కొండల్లో రేగిన పెద్ద మంటల్లో కాలిపోయింది. కుటుంబం బయటపడింది కానీ సామానంతా బూడిదైంది. మళ్లీ ఇల్లు పెట్టుకునేటప్పుడు ఏ వస్తువు నిజంగా అవసరం, ఏది కాదు అని ఆయనకు కలిగిన ఆలోచనల నుంచే ఈ ఆట రూపు దిద్దుకుంది. 2000లో విడుదలైంది. అంటే అన్నీ పోగొట్టుకుని మళ్లీ మొదలుపెట్టడమే దీని మూలం. అందులో పిల్లలు మళ్లీ మళ్లీ మొదలుపెడుతుంటే మనం ఆశ్చర్యపోవడం ఎందుకు?

‘‘ఎందుకు చెరిపేశావమ్మా?’’ అని అడిగాను.

‘‘ఆ అమ్మాయి ఉద్యోగం పోయింది మామయ్యా. ఫ్రెండ్‌తో గొడవైంది. ఇల్లు కూడా చిందరవందరగా అయిపోయింది. బాగుచేస్తూ కూర్చోవడం కంటే కొత్తది కట్టుకోవడం ఈజీ.’’

‘‘ఎక్కడైనా ఇరుక్కుపోయిందేమో?’’ అన్నాను, ఏదో ఒకటి అనాలి కదా అని.

‘‘ఇరుక్కుపోతే చెరిపేయక్కర్లేదు. దానికి వేరే ఉంది’’ అని చూపించింది. ఆటలో ఒక్కోసారి మనిషి గోడ మూలలోనో, చేతిలో పళ్లెంతోనో బిగుసుకుపోతాడట. అప్పుడు ‘రీసెట్‌సిమ్’ అని టైప్ చేసి ఆ మనిషి పేరు కొడితే చాలు. చేస్తున్న పని వదిలేసి మామూలుగా నిలబడతాడు. ఉద్యోగం, ఇల్లు, స్నేహాలు, నేర్చుకున్న విద్య ఎక్కడివక్కడే ఉంటాయి. ఆ ఒక్క బిగుసుకోవడమే పోతుంది. మొత్తం సేవ్ ఫైలు తీసేయడం వేరు. అందులో ఏమీ మిగలదు. రెండింటినీ మనం రీసెట్ అనే అంటాం. ఈ తేడా నాకు పదహారేళ్ల పిల్ల నేర్పింది. ఆ తర్వాత ఓపీలో దీన్ని నేను ఎన్నిసార్లు వాడుకున్నానో లెక్కలేదు.

ముందు అక్క భయం సంగతి. ప్రపంచ ఆరోగ్య సంస్థ ‘గేమింగ్ డిజార్డర్’ను జబ్బుల జాబితాలో చేర్చిన మాట నిజమే. ఆ జాబితా 2022 జనవరి నుంచి అమల్లో ఉంది. అయితే ఆడుతున్న ప్రతి పిల్లకూ ఆ పేరు తగిలించకూడదు. ఆట మీద అదుపు తప్పడం, చదువు, తిండి, మనుషుల కంటే ఆటే ముఖ్యమైపోవడం, నష్టం కళ్లెదుటే కనిపిస్తున్నా ఆపలేకపోవడం, ఇవన్నీ సాధారణంగా ఏడాదిపాటైనా ఉండాలి. కట్టింది చెరిపేసి మళ్లీ కట్టడం అందులో ఎక్కడా లేదు. ముగ్గు కుదరకపోతే నీళ్లు చల్లి మళ్లీ వేసుకుంటాం. నా దృష్టిలో ఇదీ అంతే. 

పైగా ఇలాంటి ఆటలు తయారుచేసేవాళ్లు కూడా ఈ విషయంలో మనసు మార్చుకున్నారు. జపాన్ నుంచి వచ్చిన ‘యానిమల్ క్రాసింగ్’ పాత ఆటల్లో రెసెట్టి అని ఓ ‘మోల్’ ఉండేది. సేవ్ చేయకుండా ఆట కట్టేస్తే, మళ్లీ తెరవగానే నేలలోంచి పైకొచ్చి చెడామడా తిట్టేది. మళ్లీ అదే పని చేస్తే ఉపన్యాసం ఇంకా పొడుగు. 2020 మార్చిలో, మన దగ్గర లాక్‌డౌన్ మొదలవడానికి కొద్దిరోజుల ముందు, వచ్చిన ‘న్యూ హొరైజన్స్’లో ఆట దానంతటదే సేవ్ అవుతుంది. తిట్టే పని పోయి, ఆ మోల్ దారిలో ఇరుక్కున్నవాళ్లను బయటపడేసే సేవలో చేరింది. తల్లిదండ్రులుగా మనం కూడా ఉద్యోగం మారితే మంచిదేమో అనిపించింది నాకు.

ఇక అసలు సంగతి. ఆ రోజు ఆ ఇంట్లో నన్ను కంగారు పెట్టింది పిల్ల కాదు, బావ.

బావకు షుగరు వచ్చి తొమ్మిదేళ్లు. మాటల మధ్యలో తెలిసింది, నాలుగు నెలలుగా మాత్రలు ఆపేశారని. ‘‘బాడీని ఒకసారి ఖాళీ చేసి, ఉగాది నుంచి ఫ్రెష్‌గా మొదలుపెడదామనుకున్నాను బావా. ఇప్పుడు కొత్త డాక్టరు దగ్గర చూపించుకుంటున్నా. పాత ఫైలు చూపిస్తే ఆయనా పాత మాత్రలే రాస్తాడని చూపించలేదు’’ అన్నారు, తెలివైన పని చేసిన ధీమాతో. మరి ఉగాది నుంచి? నలభై రోజులు క్రమం తప్పకుండా నడిచారట. బంధువుల పెళ్లికి వెళ్లి మూడు రోజులు మానేశారు. ‘‘గొలుసు తెగిపోయింది. సరే, వచ్చే నెల ఒకటో తేదీ నుంచి మళ్లీ మొదటి నుంచి’’ అనుకున్నారు. ఆ ఒకటో తేదీ ఇంకా రాలేదు.

కూతురు ఆట చెరిపేస్తే సైకియాట్రిస్టు కావాలన్నారు. తండ్రి తన చికిత్సను చెరిపేస్తే ఇంట్లో ఎవరికీ అది కనపడలేదు.

కొత్త మొదలు మీద మనిషికి ఉండే మోజును కొట్టిపారేయను. 2014లో హెంగ్‌చెన్ దాయ్, కేథరిన్ మిల్క్‌మన్, జేసన్ రీస్ అనే ముగ్గురు పరిశోధకులు అమెరికాలో దీన్ని లెక్కలతో చూపించారు. వారం మొదట్లో, నెల మొదట్లో, ఏడాది మొదట్లో, పుట్టినరోజు తర్వాత జనం ‘డైట్’ గురించి వెతకడమో, జిమ్‌కు వెళ్లడమో పెరుగుతుంది. (ఇరవై ఒకటో పుట్టినరోజు మాత్రం దీనికి మినహాయింపు. ఆ వయసుకు అక్కడ మద్యం తాగడానికి చట్టం ఒప్పుకుంటుంది, కారణం మీరే ఊహించుకోండి.) మనకు ఉగాది ఉంది, సంక్రాంతి ఉంది, సోమవారాలు ఉన్నాయి. వాడుకోవచ్చు.

కానీ అదే దాయ్ 2018లో చేసిన మరో పరిశోధన నాకు ఇంకా నచ్చింది. బేస్‌బాల్‌లో సీజన్ మధ్యలో ఆటగాడు ఒక లీగ్ నుంచి మరో లీగ్‌కు మారితే అతని గణాంకాలు మళ్లీ సున్నా నుంచి మొదలవుతాయి. అంతవరకూ సరిగ్గా ఆడనివాళ్లకు ఈ సున్నా మేలు చేసింది, ఆట మెరుగుపడింది. బాగా ఆడుతున్నవాళ్లకు మాత్రం కీడు చేసింది. అంటే కొత్త మొదలు అందరికీ మందు కాదు. వెనక ఏమీ లేనివాడికి అది బలం. వెనక కూడబెట్టుకున్నది ఉన్నవాడికి నష్టం. ఆటలో అన్నీ తలకిందులైన మా మేనకోడలు చెరిపేయడంలో అర్థం ఉంది. నలభై రోజులు నడిచిన మనిషి మూడు రోజుల కోసం ఆ నలభైనీ చెరిపేసుకోవడంలో ఏ అర్థమూ లేదు. ఆయన చేయాల్సింది నలభై నాలుగో రోజు చెప్పులేసుకోవడం. అదే రీసెట్‌సిమ్.

మాత్రలు ఆపి ‘ఖాళీ చేయడం’ ఇంకా ప్రమాదం, ఎందుకంటే శరీరం ఖాళీ కాదు. హెచ్‌బీఏ1సీ పరీక్ష ఎందుకు చేయిస్తామో తెలుసా? ఎర్ర రక్తకణం దాదాపు 120 రోజులు బతుకుతుంది. అన్నాళ్లూ రక్తంలో ఉన్న చక్కెర దానికి అంటుకుంటూ పోతుంది. పరీక్షకు ముందు రెండు రోజులు అన్నం మానేసి వచ్చినా, రెండు మూడు నెలల కథ అందులో కనిపిస్తుంది. అంతకంటే పెద్ద జ్ఞాపకం రక్తనాళాలది. బ్రిటన్‌లో 1977లో మొదలై 1997లో ముగిసిన ‘యూకేపీడీఎస్’ అనే అధ్యయనంలో, కొత్తగా షుగరు బయటపడినవాళ్లలో కొందరికి గట్టి చికిత్స, మిగతావాళ్లకు అప్పటి మామూలు చికిత్స ఇచ్చారు. అధ్యయనం ఆగిన ఏడాదికే రెండు బృందాల హెచ్‌బీఏ1సీ ఒకేలా అయిపోయింది. అయినా ఆ తర్వాత పదేళ్లపాటు గమనిస్తే, మొదట్లో షుగరు బాగా అదుపులో ఉంచుకున్నవాళ్లకే కంటి, కిడ్నీ ఇబ్బందులూ, గుండెపోట్లూ, మరణాలూ తక్కువ. 2008లో ఈ ఫలితాలు అచ్చయ్యాయి. మొదట్లో పడ్డ కష్టాన్ని శరీరం మరచిపోలేదన్నమాట. నిర్లక్ష్యాన్నీ అలాగే మరచిపోదు. 

పాత ఫైలు దాచిపెట్టి కొత్త డాక్టరు దగ్గరికి వెళ్లడం మన దగ్గర ఎంత మామూలైపోయిందో ఓపీలో కూర్చుంటే తెలుస్తుంది. పాత ఆస్పత్రి మీద కోపమో, పాత నిర్లక్ష్యానికి తిట్లు తప్పవన్న భయమో. తిట్టే డాక్టర్లం ఉన్నాం కాబట్టే ఆ భయం, ఒప్పుకుంటాను. కానీ టీబీ మందులు రెండు నెలలు వాడి ఆపేసిన మనిషి ఆ మాట దాచి కొత్తగా వచ్చాడనుకోండి. ఆ క్రిములు పాత మందులకు మొండికేశాయేమో అన్న అనుమానం మాకు రాదు. ఏ మాత్ర పడక ఒళ్లంతా దద్దుర్లు వచ్చాయో చెప్పకపోతే, అదే మాత్ర మళ్లీ రాస్తాం. మాకు నలిగిన కాగితాలే కావాలి. ‘మధ్యలో నాలుగు నెలలు వేసుకోలేదు డాక్టర్’ అన్న ఒక్క వాక్యం పది పరీక్షల పెట్టు.

బావకు ఆ వారమే పరీక్షలు చేయించాం. హెచ్‌బీఏ1సీ 10.4. కంటి పరీక్షలో రెటీనా మీద చిన్న చిన్న రక్తపు చుక్కలు కనిపించాయి. చూపు ఇంకా తగ్గలేదు. తగ్గేదాకా ఆగి ఉంటే ఆ డాక్టరు దగ్గర మాట్లాడటానికి ఇంత కూడా మిగిలేది కాదు. మాత్రలు మళ్లీ మొదలయ్యాయి, ఇంకొకటి తోడైంది.

పిల్ల విషయానికి మళ్లీ వస్తాను, ఎందుకంటే ఆ రోజు అసలు మాట చివర్లో బయటపడింది. జూన్‌లో కొత్త కాలేజీలో చేర్పిస్తున్నారు. ‘‘పాతవన్నీ మరచిపో, ఆ హాస్టల్ పిల్లలతో ఫోన్లు కూడా వద్దు, అంతా కొత్తగా మొదలుపెట్టు అన్నారు మామయ్యా. అక్కడ నాకు ఒక్కతే ఫ్రెండు’’ అంది స్క్రీన్ వైపే చూస్తూ. బిగుసుకుపోయిన పిల్లను బయటికి తీసుకురావడం సరైన పనే. ఆ ఒక్క స్నేహాన్ని కూడా చెరిపేయమనడం అవసరమా? అక్కతో అదే అన్నాను. కాస్త వాదన జరిగింది. ఫోన్లు మళ్లీ మొదలయ్యాయి.

అలా మాట్లాడుతూనే ఆ పిల్లను ఇంకో ప్రశ్న కూడా సూటిగా అడిగాను. ‘‘ఆటలో కాదు, నిజంగా నీకెప్పుడైనా అంతా అయిపోతే బాగుండు, నేను లేకపోతే బాగుండు అనిపించిందా?’’ అని. అక్క ముఖం పాలిపోయింది. అలా అడిగితే లేని ఆలోచన పుడుతుందేమోనని చాలామంది భయపడతారు. పుట్టదు. అడిగితే పిల్లలకు చెప్పుకునే దారి దొరుకుతుంది. మా పిల్ల ‘లేదు మామయ్యా’ అంది, కళ్లలోకి చూసి. ఏ ఇంట్లోనైనా పిల్లలు ఆట గురించి కాకుండా తమ గురించే ‘అంతా చెరిపేయాలి’ అన్నట్టు మాట్లాడుతుంటే, నిద్ర, తిండి తగ్గిపోతే, ఇష్టమైన వస్తువులు పంచిపెట్టేస్తుంటే, ఫలితాలు వచ్చే వారం గదిలోంచి బయటికి రాకపోతే ఒంటరిగా వదలకండి. అదే రోజు డాక్టరుకు చూపించండి. 14416కు ఫోన్ చేస్తే టెలీ మానస్ కౌన్సెలర్లు ఏ వేళైనా ఉచితంగా మాట్లాడతారు, తెలుగులోనే. క్యాజువాలిటీలో రాత్రి డ్యూటీలు చేసినవాణ్ని, అందుకే ఈ నంబరు రెండోసారి రాస్తున్నాను: 14416.

వచ్చే నెల బావ మళ్లీ కంటి పరీక్షకు రావాలి. పాత ఫైళ్లన్నీ తెమ్మన్నాను. మూడు దొరికాయట. మొదటి రెండేళ్ల కాగితాలున్న నాలుగోది కనపడలేదని అక్క అటక మీద వెతుకుతోంది.