మన మాట: మడ

ఈ నెల మాట ‘మడ’.

మన పూర్వీకుల్లో ఎందరో కోరంగి రేవులో ఓడ ఎక్కారు. అందుకే మారిషస్‌లో తెలుగువాళ్ళను ‘కొరింగీలు’ అనేవారు. ఆ రేవు ఇప్పుడు లేదు. గోదావరి తెచ్చిన ఒండ్రుతో పూడిపోయింది. ఒండ్రు అంటే నది మోసుకొచ్చే మెత్తని మట్టి.

అక్కడ, కాకినాడ దగ్గర, ఒండ్రు మీద పెద్ద మడ అడవి ఉంది. 1978 నుంచి అది అభయారణ్యం. పోటుకు సముద్రపు నీళ్ళు లోపలికి వస్తాయి, ఆటుకు వెనక్కి పోతాయి. బురదలో గాలి ఆడదు. అందుకే తెల్లమడ చెట్టు వేళ్ళను మేకుల్లా పైకి నిలబెట్టి ఊపిరి పీలుస్తుంది. ఆ వేళ్ళ మధ్య పీతలు, రొయ్యపిల్లలు పెరుగుతాయి. చేపలు పట్టి తినే బావురుపిల్లి అక్కడే తిరుగుతుంది.

కోరంగిలో ఇంకో రకం మడ ఉంది. పొడవాటి కాళ్ళ మీద నిలబడ్డట్టు ఉంటుంది. అదే చెట్టు మన తీరంలోనూ ఉంది. మనం ‘మాంగ్లియే’ అంటాం. దాని విత్తనం తల్లిచెట్టు మీదే మొలకెత్తుతుంది. తర్వాత నీళ్ళలో పడి, తేలుతూ పోయి, బురద దొరికిన చోట నాటుకుంటుంది.

2020లో వకాషియో ఓడలోంచి కారిన నూనె మన మడ వేళ్ళకు పట్టింది. వేళ్ళ మీది సన్నని రంధ్రాలు మూసుకుపోతే చెట్టుకు ఊపిరాడదు. మడ పోతే చేపపిల్లలకు నీడ పోతుంది, అలలు ఒడ్డును కోసేస్తాయి.

ఈ ఆదివారం పిల్లలను మాంగ్లియే దగ్గరకు తీసుకెళ్ళండి. వేళ్ళు చూపించండి, తొక్కనివ్వకండి. “ఇది మడ. కోరంగిలోనూ ఉంది” అని తెలుగులో చెప్పండి.