కప్పు గెలిచి మరచిపోయిన హుకర్ గురించి: వరల్డ్ రగ్బీ అధ్యక్షుడికి బహిరంగ లేఖ

డాక్టర్ బ్రెట్ రాబిన్సన్ గారికి,



2003 నవంబర్ 22న సిడ్నీలో జరిగిన ప్రపంచ కప్ ఫైనల్‌ను మీ ఆస్ట్రేలియా దేశస్థులు మరచిపోయి ఉండరు. ఆస్ట్రేలియా, ఇంగ్లండ్ 17–17తో సమానంగా ఉన్నాయి. అదనపు సమయం కూడా అయిపోవస్తోంది. ఇంగ్లండ్ హుకర్ స్టీవ్ థాంప్సన్ లైనౌట్‌లో (గీత దాటిన బంతిని ఆటగాళ్ల వరుసల మధ్యకు విసిరేప్పుడు) బంతిని అందరి తలల మీదుగా వరుస చివరనున్న లూయిస్ మూడీకి విసిరాడు. ఆ బంతే చేతులు మారి జానీ విల్కిన్సన్‌కు చేరింది. అతను కుడికాలితో డ్రాప్ గోల్ (బంతిని నేలకు తాకించి గోల్ కర్రల మధ్యకు తన్నడం) కొట్టాడు. 20–17.

ఆ బంతి విసిరిన థాంప్సన్‌కు ఆ మ్యాచ్ గుర్తులేదు. 2020 డిసెంబరులో ఈ సంగతి అతనే లోకానికి చెప్పాడు. అప్పటికి అతని వయసు 42. వీడియో పెట్టి చూపించినా అందులో తానున్నట్టు అనిపించదట. ఒక్కోసారి భార్య పేరు కూడా నోటికి రాదట. చిన్న వయసులోనే డిమెన్షియా (మతిమరుపు జబ్బు) వచ్చిందని వైద్యులు చెప్పారు. తలకు ఏళ్ల తరబడి దెబ్బలు తగిలినవాళ్లకు వచ్చే సీటీఈ కావచ్చన్నారు. బతికుండగా ఆ జబ్బును ఖాయంగా నిర్ధారించలేరు. తన తర్వాతివాళ్లకైనా మేలు జరగాలని థాంప్సన్ తన మెదడును పరిశోధనకు రాసిచ్చాడు.

ఈ లేఖ మీకే రాయడానికి కారణం ఉంది. మీరు వైద్యులు, మాజీ ఆటగాళ్లు కూడా. 1995 ఆగస్టు 26న పారిస్‌లో మీ సంస్థ రగ్బీ యూనియన్ ఆటగాళ్లు జీతం తీసుకోవచ్చని ప్రకటించింది. ఆ మరుసటి ఏడాదే మీరు ఆస్ట్రేలియాలోని బ్రంబీస్ జట్టుకు తొలి కెప్టెన్ అయ్యారు. సాయంత్రాలు సాధన చేసి పొద్దున ఉద్యోగాలకు వెళ్లే మనుషులు ఒక్కసారిగా రోజంతా ఆటలోనే ఉండటం, ఒళ్లు పెంచడం, ఢీకొనడం పెరగడం మీరు దగ్గరుండి చూశారు. థాంప్సన్ ఆ తరంవాడే.

రగ్బీని ఇప్పుడిప్పుడే చూస్తున్న మా తెలుగు పాఠకుల కోసం ఒక మాట. స్క్రమ్ అంటే ఎనిమిది మందికి ఎదురుగా ఎనిమిది మంది వంగి, తలలు దించి, భుజాలు కలిపి తోసుకోవడం. పెద్ద స్థాయిలో ఒక్కోవైపు ఎనిమిది మంది బరువు దాదాపు 900 కిలోలు ఉంటుంది. ముందు వరుస మధ్యలో నిలిచేవాడు హుకర్. అతని రెండు చేతులూ పక్కవాళ్ల భుజాల మీదుగా బిగిసి ఉంటాయి. తల కాచుకోవడానికి చెయ్యి అడ్డం పెట్టే వీలే లేదు. ఆ రోజుల్లో రెండు వరుసలూ దూరం నుంచి వచ్చి పందెం పొట్టేళ్లలా ఢీకొనేవి. ఆ ఊపు తగ్గించే నిబంధన 2013లో గానీ రాలేదు. అప్పటికి థాంప్సన్ ఆట వదిలేసి రెండేళ్లయింది.

జనం చూసేది మ్యాచ్‌నే. అసలు అరుగుదల సాధనలో జరిగింది. వారం పొడవునా స్క్రమ్ మీద స్క్రమ్, యంత్రాన్ని గుద్దడం, మళ్లీ మనుషుల్ని గుద్దడం. కళ్ల ముందు తెల్లటి మెరుపులు వచ్చి, తానెక్కడున్నాడో కాసేపు తెలిసేది కాదని థాంప్సన్ చెప్పాడు. స్పృహ తప్పితే తప్ప దాన్ని దెబ్బగా లెక్కేసే అలవాటు అప్పట్లో లేదు. 2007లో మెడ గాయంతో ఆట మానేశాడు. తర్వాత ఫ్రాన్స్‌లోని బ్రీవ్ క్లబ్‌తో తిరిగొచ్చి, ఇంగ్లండ్ తరఫున మొత్తం 73 మ్యాచ్‌లు ఆడి, 2011లో మళ్లీ మెడ వల్లే పూర్తిగా తప్పుకున్నాడు. మెడ గాయం స్కాన్‌లో కనబడింది కాబట్టి అందరూ పట్టించుకున్నారు. తలలో జరుగుతున్నది ఎవరికీ కనబడలేదు.

అతనొక్కడే అయితే దురదృష్టం అనుకుని ఊరుకుందుము. వేల్స్ ఆటగాడు ఆలిక్స్ పోఫమ్‌కు 40 ఏళ్లకు, వేల్స్ మాజీ కెప్టెన్ రయాన్ జోన్స్‌కు, న్యూజిలాండ్ ప్రాప్ (హుకర్ పక్కన నిలిచేవాడు) కార్ల్ హేమన్‌కు 41 ఏళ్లకు డిమెన్షియా అనే చెప్పారు వైద్యులు. 2022లో గ్లాస్గో పరిశోధకులు 412 మంది స్కాట్లండ్ మాజీ అంతర్జాతీయ ఆటగాళ్ల ఆరోగ్య వివరాలను సాధారణ జనంతో పోల్చి చూశారు. మెదడు క్షీణించే జబ్బులు వీళ్లకు రెండున్నర రెట్లు ఎక్కువని తేలింది.

మీ సంస్థ ఏమీ చేయలేదని నేననను. దెబ్బ తగిలిందన్న అనుమానం వస్తే ఆటగాణ్ణి బయటికి తెచ్చి పరీక్షించే పద్ధతి 2012లో మొదలైంది. సాధనలో పూర్తిస్థాయి ఢీకొనడం వారానికి 15 నిమిషాలు మించకూడదని 2021లో సూచించారు. 2024 నుంచి దెబ్బ బలాన్ని కొలిచే మౌత్‌గార్డులు తెచ్చారు. ఇవన్నీ మంచివే. అయితే కన్‌కషన్ (తల దెబ్బతో మెదడు అదరడం) అయిన ఆటగాడు మూడు వారాలు ఆడకూడదన్న పాత నిబంధనను 2011లో ఎత్తేసిందీ మీ సంస్థే. దాంతో ఆరు రోజులకే తిరిగి ఆడే దారి తెరుచుకుంది. దాన్ని చాలామందికి పన్నెండు రోజులకు పెంచడానికి 2022 దాకా పట్టింది. మధ్యలో ఆడినవాళ్ల సంగతేమిటి? ఈ ప్రశ్నకు మీరే జవాబు చెప్పాలి.

వందలమంది మాజీ ఆటగాళ్లు మీ సంస్థ మీదా, ఇంగ్లండ్, వేల్స్ యూనియన్ల మీదా లండన్ హైకోర్టుకు వెళ్లారు. మీ బాధ్యత లేదని మీరు వాదిస్తున్నారు. వాదించుకునే హక్కు మీకుంది. కానీ తీర్పు వచ్చేదాకా జబ్బు ఆగదు. రగ్బీ ఆటగాడు ముప్పై దాటి నాలుగైదేళ్లకే మైదానం వదులుతాడు. ఆ తర్వాత నలభై ఏళ్ల బతుకుంటుంది. పిల్లలు ఇంకా బడికి వెళ్తుండగానే తండ్రికి కాపలా ఉండాల్సిన ఇళ్లకు ఇప్పుడే సాయం కావాలి.

ఇది మాకు సంబంధం లేని గొడవ కాదు. 2025 జూన్‌లో ముంబైలో మొదలైన రగ్బీ ప్రీమియర్ లీగ్‌లో హైదరాబాద్ హీరోస్ ఆడింది. అది సెవెన్స్ (జట్టుకు ఏడుగురి ఆట) కాబట్టి స్క్రమ్‌లో ఒక్కోవైపు ముగ్గురే ఉంటారు. ట్యాకిల్ (బంతి ఉన్నవాణ్ణి పట్టి పడేయడం) మాత్రం అదే ట్యాకిల్. కబడ్డీ ఆడే మా ఊళ్ల పిల్లలు రేపు ఈ బంతి పట్టుకుంటారు. పట్టుకోవాలనే నా కోరిక కూడా. ధైర్యం, క్రమశిక్షణ, ఎదుటివాడి మీద గౌరవం నేర్పే ఆట ఇది.

అందుకే రెండు కోరికలు. మీ రాబడిలో సింహభాగం పురుషుల ప్రపంచ కప్ నుంచే వస్తుంది. 2027 కప్పు మీ ఆస్ట్రేలియాలోనే. ఆ రాబడిలో కొంత భాగాన్ని జబ్బుపడిన మాజీ ఆటగాళ్ల జీవితకాల వైద్యానికి కేటాయించి, దాని పెత్తనాన్ని రగ్బీతో సంబంధం లేని వైద్యుల చేతికివ్వండి. భారత్ లాంటి కొత్త దేశాల్లో ప్రతి ఆటగాడికీ తొలి మ్యాచ్ నుంచే తల దెబ్బల రికార్డు ఉండాలని, అది క్లబ్ అల్మారాలో కాక ఆటగాడి చేతిలోనే ఉండాలని నిబంధన పెట్టండి. కోర్టు చెబితే చేద్దామని ఆగకండి. ఒక వైద్యుడిగా ఈ నిర్ణయం మీరే తీసుకోండి.